బందు చేసిన్నా, లేదా? నా చెకింగ్ జబ్బు సంగతి

మిర్యాలగూడలో ఒక రైసు మిల్లులో లెక్కలు రాస్తాను. ఈ పనిలో అనుమానం ఉన్న మనిషికి మంచి పేరే వస్తుంది. "ఆయన ఒకటికి నాలుగుసార్లు చూస్తడు, ఆయన చేతిల నుంచి తప్పు కాయితం బయటికి పోదు" అని మా సేటు వచ్చినోళ్ళందరికీ చెప్పేవాడు, నాకూ లోపల్లోపల గొప్పగానే ఉండేది. ఇది జబ్బు అని తెలియడానికి ఏళ్ళు పట్టింది అంటే అందుకే. రోజంతా తాగేవాణ్ణి ఊరు తాగుబోతు అంటుంది, రోజంతా చెక్ చేసేవాణ్ణి మాత్రం జాగ్రత్త గల మనిషి అంటుంది.

ముందు మిల్లు సంగతే చెప్తాను, ఇంట్లో గ్యాస్, తాళం కథలు అందరూ ఎక్కడో ఒకచోట వినే ఉంటారు. 2022 జులై 18 నుంచి 25 కిలోల దాకా ఉండే, పేరు ముద్రించిన బియ్యం బస్తాకు 5 శాతం జీఎస్టీ పడింది (దాన్ని తప్పించుకోవడానికి మార్కెట్లోకి 26 కిలోల బస్తా దిగింది, అది వేరే కథ). పన్ను పడే సరుకు విలువ 50 వేలు దాటితే లారీ కదలడానికి ఈ-వే బిల్లు కావాలి. అందులో పార్ట్-ఏ సరుకు వివరాలకు, పార్ట్-బి బండి నంబరుకు. బండి నంబరు తప్పు పడితే మళ్ళీ పార్ట్-బిలోకి పోయి మార్చుకోవచ్చు. బిల్లే తప్పయితే, దారిలో ఎవరూ తనిఖీ చేసి ఉండకపోతే, 24 గంటల్లోపు క్యాన్సిల్ చేసి కొత్తది తీసుకోవచ్చు. అంటే కొంప మునిగేదేమీ లేదు. ఇదంతా నాకు కంఠతా వచ్చు, కొత్తగా చేరిన పిల్లగాడికి కూర్చోబెట్టి నేర్పింది కూడా నేనే.

అయినా ఒక్క బండి పంపాలంటే నా ప్రాణం మీదికి వచ్చేది. కాంటా చీటీ మీద నంబరు చదివి స్క్రీన్ మీద కొట్టేవాణ్ణి, మళ్ళీ చీటీ చూసేవాణ్ణి, మళ్ళీ స్క్రీన్, ఒక్కో అంకె మీద వేలు పెట్టి పైకే చదివేవాణ్ణి. 3, 8 ఉన్న నంబర్లయితే ఇక చెప్పనక్కర్లేదు. ప్రింటు తీశాక డ్రైవర్ చేతికి ఇచ్చి, అతను గేటు దాకా పోయాక వెనక్కి పిలిచి, కాయితం తీసుకుని లారీ ముందుకు పోయి ప్లేటుతో సరిచూసేవాణ్ణి. సరిగ్గానే ఉండేది. ఆఫీసు గదిలోకి వచ్చి కూర్చోగానే, నేను చూసింది ముందు ప్లేటా, వెనక ప్లేటా, 8 అని చూసి 8 అనుకున్నానా, లేక 8 ఉండాలి కాబట్టి 8 అనుకున్నానా అని మొదలయ్యేది. 2024 మార్చి నుంచి కొత్త బండ్లకు టీఎస్ పోయి టీజీ వచ్చింది కదా, ఊరంతా దాన్ని రాజకీయంగా మాట్లాడుకుంటుంటే నేను మాత్రం చెక్ చేయాల్సిన అక్షరం ఇంకోటి పెరిగిందని ఏడ్చాను. "సార్, బిల్లు ఇస్తరా లేకుంటే ఈడ్నే పండుకోమంటరా" అని డ్రైవర్లు అడిగేవాళ్ళు. సీజన్లో సన్నాల ట్రాక్టర్లు రోడ్డు పొడుగునా బారులు తీరి ఉంటాయి, ఒక లారీ గేటులో ఆగితే దాని వెనక ఎన్ని ఆగుతాయో ఇక్కడివాళ్ళకు తెలుసు.

ఇంట్లో గ్యాస్, బోరు మోటార్, ఇస్త్రీ పెట్టె, దర్వాజ తాళం, ఈ నాలుగూ. అన్నిటికంటే తాళం ఎక్కువ ఏడిపించింది. తాళం వేసి లాగేవాణ్ణి, రెండు మెట్లు దిగి మళ్ళీ వచ్చి లాగేవాణ్ణి, కొన్నిసార్లు దాని మీద నా బరువంతా వేసి వేలాడేవాణ్ణి. అలా లాగీ లాగీ గొళ్ళెం స్క్రూలు నిజంగానే వదులయ్యాయి. అప్పటిదాకా పడిందో లేదో అనే అనుమానం ఒక్కటే, ఆ తర్వాత గొళ్ళెం ఊడుతుందేమో అనేది కూడా తోడైంది, పైగా ఈసారి అనుమానానికి ఆధారం కూడా ఉంది. వడ్రంగి వచ్చి కొత్త గొళ్ళెం బిగించి, "ఏంది సార్, ఎవడన్న దొంగ గుంజిండా?" అని అడిగితే ఏం చెప్పాలో తెలియక అవునన్నాను.

ఎవరో చెప్తే ఫోన్లో ఫొటో తీసుకోవడం మొదలుపెట్టాను. స్టవ్ నాబ్‌లు, రెగ్యులేటర్, తాళం, మోటార్ స్టార్టర్. మొదట్లో ప్రాణం లేచొచ్చింది, దారిలో డౌట్ వస్తే ఫొటో చూసుకోవచ్చు. నెల తిరక్కముందే అది కూడా చెడింది. ఈ ఫొటో ఇవాళ్టిదేనా? టైం చూస్తే ఇవాళ్టిదే. సరే, ఫొటో తీశాక మళ్ళీ నాబ్‌ను ముట్టుకున్నానా? ఫొటో తీస్తున్నప్పుడు చెయ్యి తగిలి తిరిగిందేమో? దాంతో వీడియో మొదలైంది. మా పాప నా ఫోన్ తీసుకుని గ్యాలరీ తెరిచి, "డాడీ, మన స్టవ్‌కు ఇన్ని ఫొటోలెందుకు, నా బర్త్‌డేకి కూడా ఇన్ని దిగలే" అంది.

వీటన్నిటికంటే ఎక్కువ నష్టం చేసింది మా ఆవిడను అడగడం. "గ్యాస్ బందు చేసిన్నా?" అంటే "చేసినవ్" అనేది. "నువ్వు చూసినవా?" "చూసిన." "నాబ్ చూసినవా, రెగ్యులేటర్ చూసినవా?" ఇలా పోయేది. ఆమె జవాబు ఎంత గట్టిగా చెప్తే అంతసేపు నాకు నెమ్మది, ఆ తర్వాత మళ్ళీ మొదలు. విసుక్కుంటూ చెప్తే నిజంగా చూడకుండానే చెప్పిందని నాకు అనుమానం. ఒకసారి నల్గొండలో చుట్టాల పెండ్లికి పోతూ తిప్పర్తి దగ్గర నేను బస్సు దిగి ఆటో పట్టుకుని ఇంటికి వెనక్కి వచ్చాను, మా ఆవిడా పాపా ఇద్దరే పెండ్లికి పోయారు. గ్యాస్ బందు చేసే ఉంది. రాత్రి ఇంటికొచ్చి ఆమె అన్న మాట: "ఆడ అందరు మీ ఆయనేడి అంటే ఏం చెప్పాలె నేను? పోయి స్టవ్ కాడ కూసుండని చెప్పాల్నా?" ఆ రోజు నుంచి కొన్నాళ్ళు మా ఇంట్లో మాటల్లేవు. అప్పుడు కూడా నేను వేళ్ళతో సైగ చేసి గ్యాస్ సంగతి అడిగేవాణ్ణి, ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది.

మా అమ్మ దిష్టి అంది, జాన్‌పహాడ్ దర్గాకు మొక్కి వచ్చింది. ఆమె తృప్తి ఆమెది, నేనేమీ అనలేదు. ఊళ్ళో చూపించుకున్న డాక్టరు టెన్షన్ అని బీ-కాంప్లెక్స్ రాశాడు. బామ్మర్ది లీవు పెట్టమన్నాడు, పెట్టాను, పొద్దస్తమానం ఇంట్లోనే ఉండేసరికి స్టవ్‌కూ నాకూ మధ్య దూరం ఇంకా తగ్గింది, అంతే.

చివరికి 14416కు ఫోన్ చేశాను. టెలీ-మానస్ అని కేంద్ర ప్రభుత్వం 2022 అక్టోబర్ 10న మొదలుపెట్టిన హెల్ప్‌లైన్ అది, ఉచితం, రాత్రి పగలు ఎప్పుడైనా పలుకుతారు, తెలుగులో మాట్లాడొచ్చు. మిల్లు వెనక తవుడు గోదాము దగ్గర నిలబడి మాట్లాడాను, ఎవరైనా వింటారేమోనని భయం. అవతల అమ్మాయి తొందర పడకుండా వినింది, ఇది ఓసీడీలా (అబ్సెసివ్ కంపల్సివ్ డిజార్డర్, వదలని అనుమానంతో చేసిందే మళ్ళీ మళ్ళీ చేయించే జబ్బు) ఉంది, సైకియాట్రిస్టును కలవండి అని చెప్పింది. నాకు ఓసీడీ అంటే చేతులు కడుక్కునేవాళ్ళ జబ్బు అనే తెలుసు. నేను చేతులు మామూలుగానే కడుక్కుంటాను, ఇంకా చెప్పాలంటే మా ఆవిడ లెక్క ప్రకారం తక్కువే.

నల్గొండలో సైకియాట్రిస్టు మేడం దగ్గరికి మా ఆవిడే తీసుకుపోయింది. మేడం అడిగిన మొదటి ప్రశ్న, "దీనికి రోజుకు ఎంతసేపు పోతోంది?" అని. గంట కంటే ఎక్కువ పోతున్నా, పనీ సంసారమూ దెబ్బ తింటున్నా జబ్బు కిందే లెక్క అట. నేను గంటకు కాస్త ఎక్కువేమో అన్నాను, పక్కనుంచి మా ఆవిడ "పొద్దున ఒక్కపూటకే గంట మేడం" అంది. తర్వాత ఓసీడీ ఎంత ముదిరిందో కొలిచే యేల్-బ్రౌన్ స్కేలు అని పది ప్రశ్నల కాయితం ఒకటి. ఒక్కోదానికి సున్నా నుంచి 4 దాకా, మొత్తం 40. 24 నుంచి తీవ్రం కింద లెక్క, నేను ఆ గీత దాటి ఉన్నాను. జవాబులు రాశాక సరిగ్గా రాశానో లేదో అని మళ్ళీ మొదటినుంచి చూడబోతే మేడం కాయితం లాక్కుని నవ్వింది. "ఇక్కడే దొరికిపోయారు" అంది.

మన దేశంలో 2015-16లో బెంగళూరు మానసిక వైద్య సంస్థ నిమ్హాన్స్ వాళ్ళు చేసిన జాతీయ మానసిక ఆరోగ్య సర్వేలో ఓసీడీ పెద్దవాళ్ళలో దాదాపు 0.8 శాతం మందికి ఉన్నట్టు తేలిందట. ఆ సర్వే 12 రాష్ట్రాల్లో జరిగింది, అందులో మన రెండు తెలుగు రాష్ట్రాలూ లేవు. ఆ లెక్కనే ఇక్కడికి వేసుకుంటే మాత్రం వెయ్యి మంది పెద్దవాళ్ళున్న ఊళ్ళో ఎనిమిది మంది. మరి మాకు ఒక్కరూ కనపడరెందుకంటే అందరూ నాలాగే తవుడు గోదాము వెనక నిలబడి ఉంటారు.

మందు ఫ్లూఓక్సెటిన్ ఇచ్చారు, తక్కువ డోసుతో మొదలుపెట్టి పెంచారు. డిప్రెషన్‌కు వాడే మందే, ఓసీడీకి డోసు ఎక్కువ పడుతుందట, పని చేస్తుందో లేదో తేల్చడానికి రెండు మూడు నెలలు ఆగాలట. మొదటి వారాల్లో కడుపులో తిప్పుడు, నిద్ర పట్టకపోవడం. ఆ తర్వాత సర్దుకుంది. మందుతో అనుమానం పోలేదు కానీ దాని గొంతు తగ్గింది. అసలు పని మాత్రం అదే ఆస్పత్రిలో సైకాలజిస్టు చేయించింది, చిన్న వయసు అమ్మాయి, నేనైతే మేడం అనే పిలిచేవాణ్ణి.

ఆమె చేయించినదాన్ని ఈఆర్‌పీ అంటారు, ఎక్స్‌పోజర్ అండ్ రెస్పాన్స్ ప్రివెన్షన్. ఏది భయమో దానికి ఎదురుపోవడం, పోయి, చేయాలనిపించే పని చేయకుండా ఉండడం. 1966లో లండన్‌లో విక్టర్ మేయర్ అనే ఆయన ఈ జబ్బు ముదిరిన ఇద్దరు పేషెంట్ల మీద మొదలుపెట్టిన పద్ధతి, వాళ్ళలో కడుగుడు రోగం ఉన్నామెను నర్సులను పక్కన పెట్టి కడుక్కోనీయకుండా ఆపారట. నాకు నర్సు లేదు, మా ఆవిడే.

ముందు ఒక జాబితా రాయించింది, చెక్ చేయకుండా వదిలేస్తే ఎంత భయమో సున్నా నుంచి 100 దాకా మార్కులు వేయమంది. ఫ్యాన్ స్విచ్ 20. మోటార్ 45. తాళం 70. గ్యాస్ 85. ఈ-వే బిల్లు 90. ఇక్కడ నాకు ఆశ్చర్యం కలిగించింది ఒకటుంది. "మీ ఆవిడ చివర్న బయటికి వచ్చి తాళం వేస్తే ఎంత?" అంటే నేను ఆలోచించకుండా 5 అన్నాను. అదే తాళం, అదే ఇల్లు, అదే దొంగ. ఇల్లు దోచుకుపోతే పోవచ్చు గానీ ఆ నింద నా మీద పడకూడదు, నా భయమంతా అదే. ఇన్నేళ్ళూ ఇల్లు కాపాడుకుంటున్నాననే అనుకున్నాను.

ఇంకోటి చెప్పింది, అది విన్నాకే నాకు ఈ పద్ధతి మీద నమ్మకం కుదిరింది. నెదర్లాండ్స్‌లో వాన్ డెన్ హౌట్, కింట్ అనే ఇద్దరు 2003లో ఒక ప్రయోగం ప్రచురించారు. కంప్యూటర్ తెర మీద బొమ్మ గ్యాస్ స్టవ్ ఒకటి పెట్టి, ఏ జబ్బూ లేని మామూలు మనుషుల్లోనే కొందరితో దాన్ని, మిగతావాళ్ళతో బల్బుల బొమ్మలను మళ్ళీ మళ్ళీ చెక్ చేయించారు. చివరిసారి ఏం చూశారో అడిగితే అందరూ దాదాపు సరిగ్గానే చెప్పారు, కానీ స్టవ్‌ను పదేపదే చెక్ చేసినవాళ్ళకు ఆ జ్ఞాపకం మసకబారింది, దాని మీద నమ్మకం తగ్గింది. మతిమరుపు లేకుండానే మతి మీద నమ్మకం పోయింది. నా సంగతి అచ్చం అదే కదా. చూసినట్టు గుర్తుంటుంది, కానీ ఆ గుర్తు ఇవాళ్టిదో నిన్నటిదో, అసలు అనుకున్నదో చూసిందో తేలదు. తేలడం లేదని మళ్ళీ చూస్తాను, ఇంకా తేలదు.

ఫ్యాన్‌తో మొదలుపెట్టాం. స్విచ్ ఆపి వెనక్కి చూడకుండా బయటికి రావాలి, వచ్చాక "ఆగే ఉంటుందిలే" అని మనసుకు చెప్పుకోకూడదు కూడా. నాకు అన్నిటికంటే మింగుడు పడనిది ఇదే. మనసులో రీలు వెనక్కి తిప్పి చూసుకోవడం, "బందు చేసిన, బందు చేసిన" అని గొణుక్కోవడం, ఇవన్నీ కూడా చెకింగే అంది. మరి ఏమనుకోవాలి అంటే, "తిరుగుతోందేమో, నాకు తెలియదు" అని ఊరుకోవాలట. ఫ్యాన్‌కు సరే. గ్యాస్ దగ్గర కూడా అదే మాట అనుకోమన్నప్పుడు, డబ్బులిచ్చి మరీ ఇల్లు తగలబెట్టుకోమంటుందేంది ఈ పిల్ల అనిపించింది.

గ్యాస్ రోజు చెప్తాను. పొద్దున చాయ్ పెట్టుకుని, నాబ్ మామూలుగా అందరూ తిప్పినట్టు తిప్పి, ఆ వంటింట్లోంచి బయటికి వచ్చి, నేనే తాళం వేసి, ఒక్కసారే లాగి, బండి స్టార్ట్ చేశాను. ఫోన్‌లో ఫొటో లేదు. మా ఆవిడ, పాప అప్పటికే వెళ్ళిపోయారు, కావాలనే ముందు పంపించాను. సాగర్ కాలువ దాటేదాకా చేతులు వణికాయి. మిల్లుకు చేరాక వాసన వస్తున్నట్టు కూడా అనిపించింది, రెండు కిలోమీటర్ల దూరంలో ఉన్న మా వంటింటి గ్యాస్ వాసన నా ముక్కుకు. భయం ఎంతుందో మధ్యమధ్యలో కాయితం మీద మార్కు వేయమంది కదా, కాంటా చీటీల వెనక రాసుకుంటూ పోయాను. 85 నుంచి 90కి ఎక్కింది, చాలాసేపు అక్కడే ఉంది. మధ్యలో ఒక హమాలీల కూలి లెక్కలో గొడవ వచ్చి వాళ్ళతో అరుచుకోవడంలో పడ్డాను, తర్వాత చూసుకుంటే 40. ఎవరూ ఏమీ చెప్పలేదు, నేనేమీ చూడలేదు, అదే దిగింది. భయం దానంతటదే దిగుతుందని నాకు అప్పటిదాకా తెలియదు, ఎందుకంటే ఎప్పుడూ దిగేదాకా ఆగనే లేదు. అన్ని రోజులూ ఇంత సాఫీగా జరగలేదు, కొన్నిసార్లు సగం దారి నుంచి బండి తిప్పుకుని వచ్చిన రోజులూ ఉన్నాయి. అలాంటప్పుడు మేడం తిట్టలేదు, జాబితాలో ఒక మెట్టు కిందికి దింపి మళ్ళీ అక్కడినుంచి చేయించింది.

ఫోన్లో ఫొటోలన్నీ తీసేయడం మేడం ఎదుటే చేశాను. "అన్నీ సెలెక్ట్ చేసినమా, ఒకసారి చూస్తా" అంటే ఆమె చూడనీయలేదు.

మా ఆవిడకు కూడా పని పడింది. నేను అడిగితే ఇక "చేసినవ్" అనకూడదు. అలా అని కోపంగా పొమ్మనకూడదు. ఇద్దరం కూర్చుని ఒక జవాబు ఒప్పుకున్నాం: "ఇది నువ్వు అడిగేది కాదు, జబ్బు అడిగేది. నేను చెప్ప." మొదట్లో ఈ జవాబు వింటే ఒళ్ళు మండేది. ఒకరోజు బతిమిలాడాను కూడా, ఈ ఒక్కసారికి చెప్పు అని. ఆమెకు కళ్ళనీళ్ళు తిరిగాయి కానీ చెప్పలేదు. ఓసీడీ ఉన్నవాళ్ళ ఇంట్లోవాళ్ళకు ఇది చెప్పాలని ఉంది: జాలిపడి జవాబు చెప్పడం సులువు, చెప్పకుండా పక్కనే కూర్చోవడం కష్టం, కానీ పనికొచ్చేది అదే. జవాబు చెప్పొద్దనేది మాత్రం ముందే ఇద్దరూ కూర్చుని ఒప్పుకోవాలి, ఒక పొద్దున హఠాత్తుగా మొదలుపెడితే అది శిక్షలా ఉంటుంది.

మిల్లులో మాత్రం అసలు చెక్ చేయకుండా ఉండలేం కదా, అది ఉద్యోగం. ఎంత చూస్తే న్యాయం అనేది ఎలా తేల్చాలి? మేడం ఒక ఉపాయం చెప్పింది. పక్క మిల్లులో ఇదే పని చేసే మనిషిని అడగమంది. చాయ్ దగ్గర మామూలుగా అడిగాను, "అన్నా, నువ్వు బిల్లు కొట్టినంక ఎన్నిసార్లు చూస్తవ్?" అని. అతను నా మొహం వింతగా చూసి, "ఒకసారి చదివి కొట్టేస్త, ఇంకేం చూడాలె" అన్నాడు. ఇరవై ఏళ్ళుగా చేస్తున్నాడు, అతని మిల్లు నడుస్తూనే ఉంది. నా రూలు అదే అయింది: కొట్టేముందు చీటీతో ఒకసారి, నిదానంగా, కళ్ళతో. ప్రింటు వచ్చాక చదవకూడదు, డ్రైవర్ చేతికి ఇవ్వాలి, గేటు వైపు చూడకూడదు. కొత్త పిల్లగాడికి మాత్రం ఒక్కడికే విషయం చెప్పాను, నేను కుర్చీలోంచి లేచి గేటు వైపు పోతే ఏదో ఒక పని చెప్పమని. వాడు దాన్ని బాగా వాడుకున్నాడు, నాతో వాడి పనంతా చేయించాడు.

ఇప్పుడు స్కోరు బాగా తగ్గింది. ఫ్యాన్, మోటార్, ఇస్త్రీ పెట్టె గురించి అసలు ఆలోచనే రాదు. తాళం ఒకసారి లాగుతాను. గ్యాస్ విషయం నిద్ర తక్కువైన రోజుల్లో ఇంకా గొణుగుతుంది, వానాకాలం వడ్ల సీజన్లో మరీను. మళ్ళీ వచ్చిందంటే మొత్తం పోయినట్టు కాదు, జాబితా తీసి మళ్ళీ చేయడమే అని మేడం ముందే చెప్పి పెట్టింది కాబట్టి పెద్దగా బెంబేలు పడను. ఫ్లూఓక్సెటిన్ ఇంకా నడుస్తోంది, మన ఇష్టానికి టక్కున ఆపకూడదన్నారు. తగ్గిద్దామా అని ఈసారి నల్గొండ పోయినప్పుడు అడగాలి. సీజన్ అయ్యేదాకా ఆగుదామంటుందేమో, అన్నా సరే.